డ్యూరాండ్ కప్ నిలిచింది, హైదరాబాద్ జట్టు నిలవలేదు: ఎందుకు?

క్లుప్తంగా: 1888లో బ్రిటిష్ సైనికుల కోసం మొదలైన డ్యూరాండ్ కప్ ఇప్పటికీ నడుస్తోంది. దానితో పాటు ఒక వెలుగు వెలిగిన రోవర్స్ కప్, తర్వాత వచ్చిన ఫెడరేషన్ కప్ ఆగిపోయాయి. టోర్నీని ఎవరు నడుపుతున్నారు, ఎందుకు నడుపుతున్నారు అన్నదే ఈ తేడాకు ప్రధాన కారణం. 1950ల్లో డ్యూరాండ్, రోవర్స్ కప్పులను ఏలిన హైదరాబాద్ పోలీసు జట్టు ఎదిగిందీ నాకౌట్ (ఓడితే ఇంటికే) పద్ధతి వల్లే. ఆట లీగ్ వైపు మళ్లాక అది వెనకబడిపోయింది.

ఏటా జులై, ఆగస్టు నెలల్లో డ్యూరాండ్ కప్ మ్యాచ్‌లు మొదలవగానే ఒక ప్రశ్న వినిపిస్తుంది. ఐఎస్ఎల్ (ఇండియన్ సూపర్ లీగ్) ఉంది, ఐ-లీగ్ ఉంది, సూపర్ కప్ ఉంది. మరి ఇదేమిటి? గెలిచిన జట్టు దేశ చాంపియనా? ఆసియా టోర్నీకి వెళ్తుందా? రెండింటికీ జవాబు కాదనే. అలాగని ఇదేదో చిన్నా చితకా టోర్నీ కాదు. దేశంలో ఇంతకంటే పాత ఫుట్‌బాల్ కప్ లేదు.

ఏ కప్పు ఎవరిది

భారత ఫుట్‌బాల్‌లో కప్పుల సంగతి తికమకగా ఉండటానికి కారణం, అవన్నీ ఒకే సంస్థ పెట్టినవి కాకపోవడం. డ్యూరాండ్ సైన్యానిది. రోవర్స్ కప్ బొంబాయి ఫుట్‌బాల్ నిర్వాహకులది. ఐఎఫ్ఏ షీల్డ్ బెంగాల్ సంఘానిది. ఇవి మూడూ అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య పుట్టకముందే ఉన్నాయి. సమాఖ్య తనదంటూ క్లబ్బులకు ఒక నాకౌట్ టోర్నీ పెట్టింది చాలా ఆలస్యంగా, 1977లో. అదే ఫెడరేషన్ కప్. దాని స్థానంలో 2018లో సూపర్ కప్ వచ్చింది.

ఇంగ్లండ్‌లో ఈ గందరగోళం లేదు. అక్కడ ఎఫ్ఏ కప్ 1871-72లో మొదలైంది. దాన్ని పెట్టింది ఆ దేశపు ఫుట్‌బాల్ సంఘమే, ఈనాటికీ నడుపుతున్నదీ ఆ సంఘమే. ఆ దేశంలో లీగ్ పుట్టింది 1888లో, అంటే కప్పు తర్వాత 17 ఏళ్లకు. ఆ 17 ఏళ్లలో కప్పు తన స్థానం పదిలం చేసుకుంది. మన దగ్గర కప్పులు ముందు, సమాఖ్య తర్వాత, జాతీయ లీగ్ మరీ తర్వాత (1996లో) వచ్చాయి. ఇల్లు కట్టాక పునాది తవ్వినట్టు సాగిన ఈ క్రమమే తర్వాతి చిక్కులు చాలావాటికి మూలం.

సిమ్లా మైదానంలో మొదలు

బ్రిటిష్ ఇండియా విదేశాంగ కార్యదర్శి సర్ మార్టిమర్ డ్యూరాండ్ పేరు చెప్పగానే చాలామందికి అఫ్గానిస్తాన్ సరిహద్దు గుర్తొస్తుంది. 1893 నాటి డ్యూరాండ్ రేఖ ఆయన గీసిందే. దానికి ఐదేళ్ల ముందు ఆయన ఒక కప్పు ఇచ్చాడు. సిమ్లా అప్పట్లో వేసవి రాజధాని. చుట్టుపక్కల కొండల్లో రెజిమెంట్లు ఉండేవి. ఆ కొండల మధ్య చదునుగా దొరికిన చోటు అనాన్‌డేల్ మైదానం. సైనికుల ఆరోగ్యం, ఉత్సాహం తగ్గకుండా చూడటమే లక్ష్యం. అందుకే మొదట్లో ఇది పూర్తిగా సైనిక జట్ల పోటీ. తొలి ఫైనల్లో రాయల్ స్కాట్స్ ఫ్యూజిలియర్స్ జట్టు హైలాండ్ లైట్ ఇన్‌ఫాంట్రీని 2-1తో ఓడించింది. వరసగా మూడుసార్లు గెలిచిన జట్టుకు కప్పు సొంతమయ్యేది. 1893 నుంచి 1895 వరకు హైలాండ్ లైట్ ఇన్‌ఫాంట్రీ, 1897 నుంచి 1899 వరకు బ్లాక్ వాచ్ ఆ ఘనత సాధించాయి.

ఇక్కడ ఒక మాట. డ్యూరాండ్ కప్ ‘ప్రపంచంలో మూడో పాతది’ అని దాదాపు ప్రతి వార్తలోనూ రాస్తారు. లెక్క చూస్తే అది నిలవదు. ఎఫ్ఏ కప్ 1871లో, స్కాటిష్ కప్ 1873లో మొదలయ్యాయి. అంతవరకు సరే. కానీ వెల్ష్ కప్ 1877లో, ఐరిష్ కప్ 1880-81లో వచ్చాయి. ఈ నాలుగూ డ్యూరాండ్ కంటే ముందువే. ‘ఆసియాలో అతి పాతది’ అంటే మాత్రం పేచీ లేదు. ఆ గొప్ప సరిపోదా?

ఈ కప్పును గెలిచే జట్టుకు ఒకటి కాదు, మూడు ట్రోఫీలు ఇస్తారు. ఒకటి డ్యూరాండ్ కప్. రెండోది సిమ్లా పౌరులు 1904లో ఇచ్చిన సిమ్లా ట్రోఫీ. మూడోది ప్రెసిడెంట్స్ కప్. మొదటి రెండూ రోలింగ్ ట్రోఫీలు, ఏడాది కాగానే తిరిగి ఇచ్చేయాలి. మూడోది మాత్రం జట్టు దగ్గరే ఉండిపోతుంది. అంతకుముందు దాని స్థానంలో వైస్రాయ్ కప్ ఉండేది. స్వాతంత్ర్యం వచ్చాక తొలి రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ తన పేరున కప్పు ఇచ్చారు. బల్ల మీద పక్కపక్కన పెట్టిన ఆ మూడింటిలోనే టోర్నీ చరిత్రంతా ఉంది: ఒక ఆంగ్లేయ అధికారి, ఒక కొండ ఊరి జనం, ఒక గణతంత్రం.

1940: చెయ్యి మారిన ఏడాది

భారతీయ జట్లు తెల్లవాళ్ల జట్లను ఓడించడం డ్యూరాండ్‌లో మొదలవలేదు. 1911లో కలకత్తాలో మోహన్ బగాన్ ఈస్ట్ యార్క్‌షైర్ రెజిమెంట్‌ను 2-1తో ఓడించి ఐఎఫ్ఏ షీల్డ్ గెలిచింది. రోవర్స్ కప్‌ను 1937లో బెంగళూర్ ముస్లిమ్స్ ఎగరేసుకుపోయింది. డ్యూరాండ్‌కు ఆ రోజు 1940లో వచ్చింది. యుద్ధం వల్ల టోర్నీ సిమ్లా నుంచి ఢిల్లీకి దిగింది. కలకత్తాకు చెందిన మహమ్మదన్ స్పోర్టింగ్ ఫైనల్లో రాయల్ వార్విక్‌షైర్ రెజిమెంట్‌పై 2-1తో నెగ్గింది. ఆ తర్వాత యుద్ధం, విభజన. మళ్లీ 1950 దాకా టోర్నీ జరగలేదు.

తిరిగి మొదలయ్యేసరికి బ్రిటిష్ రెజిమెంట్లు లేవు. ఖాళీ అయిన ఆ చోటును ఎవరు నింపుతారన్నదే అసలు ప్రశ్న. కలకత్తా క్లబ్బులే నింపుతాయని అందరూ అనుకున్నారు. 1950 ఫైనల్లో మోహన్ బగాన్‌ను ఓడించి కప్పు పట్టుకెళ్లింది మాత్రం హైదరాబాద్ సిటీ పోలీస్.

ఒక్క ఓటమి లెక్క

పోలీసు జట్టు ఎలా గెలిచిందో అర్థం కావాలంటే ముందు నాకౌట్ లెక్క చూడాలి. 16 జట్లతో నాకౌట్ పెడితే మొత్తం 15 మ్యాచ్‌లు. ప్రతి మ్యాచ్‌కూ ఒక జట్టు ఇంటికి పోతుంది కాబట్టి విజేత తప్ప మిగతా 15 జట్లు పోవడానికి 15 మ్యాచ్‌లు చాలు. కప్పు గెలవడానికి ఒక జట్టు ఆడాల్సింది నాలుగే. డ్రా అయి రీప్లే పడితే ఇంకొకటో రెండో. అదే 16 జట్లతో సొంత గడ్డపై ఒకటి, బయట ఒకటి చొప్పున లీగ్ పెడితే ప్రతి జట్టూ 30 మ్యాచ్‌లు ఆడాలి. మొత్తం 240.

ఈ తేడా వల్ల ఎవరికి లాభం? నెలల తరబడి పెద్ద జట్టును పోషించలేకపోయినా, రెండు మూడు వారాలపాటు పదిహేను మందిని గట్టిగా సిద్ధం చేయగలిగిన వాళ్లకు. రైలెక్కి వెళ్లి, ఆడి, వచ్చేయొచ్చు. సొంత స్టేడియం అక్కర్లేదు, టికెట్ల రాబడి అక్కర్లేదు. జీతం డిపార్ట్‌మెంటే ఇస్తుంది. పోలీసు, రైల్వే, సైన్యం, బ్యాంకు, మిల్లు జట్లన్నీ మన దేశంలో దశాబ్దాలపాటు ఇలాగే నడిచాయి. ఆటగాడికి క్లబ్ ఇచ్చే డబ్బు కంటే ఉద్యోగం పెద్ద భరోసా. కప్పుల కాలంలో అది చాలా సరైన ఏర్పాటు కూడా.

రహీం జట్టు

ఆ ఏర్పాటు ఎన్నో ఊళ్లలో ఉంది. ఐదేళ్లు వరసగా రోవర్స్ కప్ గెలిచిన జట్టు మాత్రం హైదరాబాద్‌లోనే ఎందుకు పుట్టింది? తేడా కోచ్ దగ్గర ఉంది. సయ్యద్ అబ్దుల్ రహీం వృత్తిరీత్యా ఉపాధ్యాయుడు, ఉస్మానియాలో చదివినవాడు. 1943 నుంచి హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శి. 1950లో సిటీ పోలీస్ కోచ్ బాధ్యత కూడా తీసుకున్నాడు. అంటే ఊరి లీగ్‌ను నడిపేవాడూ, ఊరి పెద్ద జట్టుకు శిక్షణ ఇచ్చేవాడూ ఒకడే. ఏ వీధిలో ఏ కుర్రాడు బాగా ఆడుతున్నాడో ఆయనకు వేరే ఎవరూ చెప్పక్కర్లేదు.

రహీం పెట్టిన కొన్ని పోటీల్లో డ్రిబ్లింగ్ నిషేధం. బంతి అందగానే పాస్ ఇచ్చేయాలి. ఇంకొన్నింట్లో అలవాటైన కాలితో కాకుండా రెండో కాలితోనే ఆడాలి. వినడానికి ఆటలా ఉన్నా దీని వెనక గట్టి లెక్క ఉంది. ఆ కాలంలో మన ఆటగాళ్లకు బంతిని కాలి దగ్గరే పెట్టుకుని ఇద్దరు ముగ్గురిని తప్పించుకు వెళ్లడం మీద మోజు. చూడ్డానికి బాగుంటుంది, చప్పట్లు పడతాయి. రోజు మార్చి రోజు మ్యాచ్ ఉండే నాకౌట్ టోర్నీలో అలా ఆడితే సెమీఫైనల్ నాటికి కాళ్లు కదలవు. బంతిని పరిగెత్తించి, మనిషికి పరుగు తగ్గించే పద్ధతి అక్కడ బాగా పనికొస్తుంది.

ఫలితాలు లెక్కల్లో కనిపిస్తాయి. రోవర్స్ కప్ 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదుసార్లు, మళ్లీ 1957లో. ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక జట్టు పేరు ఆంధ్రప్రదేశ్ పోలీస్‌గా మారింది. ఆ పేరుతో 1960, 1962 (ఈస్ట్ బెంగాల్‌తో కలిసి), 1963. మొత్తం తొమ్మిది. డ్యూరాండ్ 1950, 1954, 1957, 1961ల్లో నాలుగుసార్లు. 1961 ఫైనల్లోనూ ఓడింది మోహన్ బగానే.

రహీం అప్పట్లోనే జాతీయ జట్టు కోచ్ కూడా. 1951 ఆసియా క్రీడల్లో స్వర్ణం, 1956 మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం, 1962 జకార్తాలో దక్షిణ కొరియాపై 2-1తో మళ్లీ స్వర్ణం. మెల్బోర్న్ వెళ్లిన జట్టులో అజీజుద్దీన్, నూర్ మహ్మద్, జుల్ఫికరుద్దీన్, సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం ఉన్నారు. పోలీసు జట్టుకు కప్పుల్లో నేర్పింది జాతీయ జట్టుకు పనికొచ్చింది. ఎందుకంటే ఒలింపిక్స్, ఆసియా క్రీడలు కూడా కొద్ది రోజుల్లో ముగిసే పోటీలే.

ఎందుకు నిలవలేదు

హైదరాబాద్ ఫుట్‌బాల్ పతనానికి సాధారణంగా చెప్పే కారణం 1963 జూన్‌లో రహీం మరణం. అది నిజమే కానీ సగం నిజం. ఆటగాళ్లు అంతకు ముందే కలకత్తా దారి పట్టారు. బలరాం 1957లో ఈస్ట్ బెంగాల్‌కు వెళ్లాడు. 1966లో మహమ్మద్ హబీబ్, సయ్యద్ నయీముద్దీన్ అదే దారిలో వెళ్లారు. కలకత్తా క్లబ్బులకు సొంత మైదానాలు, లక్షల్లో అభిమానులు, ఏటా జరిగే స్థానిక లీగ్ ఉన్నాయి. అక్కడ ఆటగాడికి డబ్బుతో పాటు వీధిలో గుర్తింపు కూడా. ఇక్కడ డిపార్ట్‌మెంట్ ఇవ్వగలిగింది ఉద్యోగం, ప్రమోషన్.

రెండో కారణం మరింత లోతైనది. డిపార్ట్‌మెంట్ జట్టుకు ఊరితో ముడి పలచగా ఉంటుంది. మోహన్ బగాన్ ఓడితే ఉత్తర కలకత్తాలో పొయ్యి వెలగదంటారు. పోలీసు జట్టు ఓడితే బాధపడాల్సింది పోలీసులే. గెలిచినన్నాళ్లూ ఊరంతా వెంట ఉంటుంది, గెలుపు ఆగితే వెనక్కి తిరిగి చూసేవాళ్లుండరు. తర్వాతి తరం ఆటగాళ్లు అంత గట్టిగా లేనప్పుడు జట్టును లాక్కెళ్లే జనబలం ఇక్కడ లేకపోయింది.

1996లో జాతీయ లీగ్ వచ్చాక ఈ బలహీనత బయటపడింది. నెలలపాటు దేశమంతా తిరగడం, సొంత మైదానం, విదేశీ ఆటగాళ్లు, తర్వాతి కాలంలో ఆసియా సమాఖ్య క్లబ్ లైసెన్సు నిబంధనలు... ఇవేవీ ఒక ప్రభుత్వ శాఖ మోయాల్సిన బరువులు కావు. ఒక్క హైదరాబాదే కాదు, ఒకప్పుడు వెలిగిన సంస్థాగత జట్లు దాదాపు అన్నీ పక్కకు తప్పుకున్నాయి. పంజాబ్‌లో జేసీటీ మిల్లు జట్టు తొలి జాతీయ లీగ్ గెలిచింది కూడా, అయినా చివరికి మూతబడింది.

రోవర్స్ పోయింది, ఫెడరేషన్ కప్ పోయింది

జట్లు మారినప్పుడు టోర్నీలూ మారాయి. రోవర్స్ కప్ 1891లో మొదలై 2000-01లో ఆగింది. బొంబాయి కూపరేజ్ మైదానంలో ఒకప్పుడు జనం కిక్కిరిసిన టోర్నీ అది. జాతీయ లీగ్ వచ్చాక క్యాలెండర్లో తేదీలు దొరకలేదు. పెద్ద క్లబ్బులు రాకపోతే స్పాన్సర్లు రారు, స్పాన్సర్లు లేకపోతే పెద్ద క్లబ్బులను పిలవడం కష్టం. ఒక ప్రాంతీయ సంఘం ఈ సుడిలోంచి బయటపడటం అంత తేలిక కాదు.

ఫెడరేషన్ కప్ కథ వేరు. దానికి అధికారిక హోదా ఉంది, ఒక దశలో ఆసియా పోటీలకు దారి కూడా ఉంది. జనానికీ కొదవ లేదు. 1997 జులై 13న కోల్‌కతా సాల్ట్ లేక్‌లో జరిగిన సెమీఫైనల్‌కు వచ్చిన ప్రేక్షకులు 1,31,781 మంది. బైచుంగ్ భూటియా హ్యాట్రిక్‌తో ఈస్ట్ బెంగాల్ 4-1తో మోహన్ బగాన్‌ను చిత్తు చేసింది. (తీరా ఫైనల్లో సల్గావ్‌కర్ చేతిలో ఓడింది. నాకౌట్ అంటే అంతే మరి.) అంతటి కప్పు కూడా 2017తో ముగిసింది. ఐఎస్ఎల్, ఐ-లీగ్ రెండూ ఒకేసారి నడుస్తున్న కాలంలో సమాఖ్య దాన్ని తీసేసి సూపర్ కప్ తెచ్చింది. ఆ సూపర్ కప్ కూడా 2020 నుంచి మూడేళ్లు జరగలేదు. పెట్టేదీ తీసేదీ సమాఖ్యే అయినప్పుడు, లీగ్‌తో పేచీ వచ్చిన ప్రతిసారీ మొదట వేటు పడేది కప్పు మీదే.

డ్యూరాండ్ ఈ రెండు దారుల్లోనూ పోలేదు. నడిపేది సైన్యం. లాభం చూపించాల్సిన పని లేదు. ఏ క్లబ్బు రాకపోయినా ఆర్మీ, నేవీ, వాయుసేన, అస్సాం రైఫిల్స్, బీఎస్ఎఫ్ జట్లతో పోటీ పట్టిక నింపుకోగలదు. 2016లో కప్పు గెలిచింది కూడా ఒక సైనిక జట్టే: ఆర్మీ గ్రీన్. అయితే సైన్యం నడిపితే చాలదు. ఢిల్లీ చలికాలంలో అంబేడ్కర్ స్టేడియంలో ఖాళీ గ్యాలరీల మధ్య సాగిన ఏళ్లున్నాయి, అసలు జరగని ఏళ్లూ ఉన్నాయి. 2019లో తీసుకున్న రెండు నిర్ణయాలు దాన్ని తిరిగి నిలబెట్టాయి: టోర్నీని కోల్‌కతాకు మార్చడం, లీగ్ సీజన్‌కు ముందు వచ్చే ఖాళీ నెలలను పట్టుకోవడం. తర్వాత ఇంఫాల్, కోక్రాఝార్, షిల్లాంగ్, జంషెడ్‌పూర్‌లకూ మ్యాచ్‌లు వెళ్లాయి. ఫుట్‌బాల్‌కు జనం వచ్చే ఊళ్లవి. ఈశాన్య రాష్ట్రాల్లో ప్రజలకు దగ్గర కావడం సైన్యానికీ కావాల్సిన పనే. ఎవరి అవసరం వాళ్లకు తీరింది.

గ్రూపులు వచ్చాక ఇది నాకౌటేనా?

2023 నుంచి 24 జట్లు, నాలుగేసి జట్ల ఆరు గ్రూపులు. గ్రూపుల్లో మొదటి స్థానంలో నిలిచిన ఆరు జట్లు, రెండో స్థానంలో మెరుగైన రెండు జట్లు క్వార్టర్స్‌కు వెళ్తాయి. మొత్తం 43 మ్యాచ్‌లు. అచ్చమైన నాకౌట్ అయితే 23తో సరిపోయేది. ఆ అదనపు 20 మ్యాచ్‌లకు కారణం స్పష్టమే. దూరం నుంచి వచ్చిన జట్టుకు కనీసం మూడు మ్యాచ్‌లు దక్కుతాయి. ఆతిథ్యమిచ్చే ఊరికి తమ జట్టు మొదటి రోజే ఇంటిదారి పట్టదన్న భరోసా. మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్‌లను ఒకే గ్రూపులో పెడితే ఆ రెండింటి మధ్య కోల్‌కతా డెర్బీ ఖాయం.

కానీ దీనివల్ల కప్పు స్వభావం మారింది. 2025లో డైమండ్ హార్బర్ అనే మూడేళ్ల వయసున్న బెంగాల్ క్లబ్ గ్రూప్ దశలో మోహన్ బగాన్ చేతిలో 1-5తో ఓడింది. పాత రోజుల్లో అయితే కథ అక్కడితో సమాప్తం. రెండో స్థానంతో బయటపడి, సెమీస్‌లో ఈస్ట్ బెంగాల్‌ను 2-1తో ఓడించి ఫైనల్‌కు చేరింది. గ్రూప్‌లో దాన్ని చితక్కొట్టిన మోహన్ బగాన్ మాత్రం క్వార్టర్స్‌లోనే ఇంటికి పోయింది. ఫైనల్లో నార్త్ఈస్ట్ యునైటెడ్ 6-1తో గెలిచి కప్పు నిలబెట్టుకుంది. 1991లో ఈస్ట్ బెంగాల్ తర్వాత వరసగా రెండోసారి గెలిచిన జట్టు అదే. అంటే గ్రూపులు సంచలనాలను చంపలేదు, వాటిని టోర్నీ చివరికి జరిపాయి.

ఇక ముందు

డ్యూరాండ్‌కు ఉన్న పెద్ద లోటు, గెలిస్తే ఆసియా పోటీలకు బెర్తు లేకపోవడం. ఆ బెర్తు సూపర్ కప్ దగ్గర ఉంది. అందుకే ఐఎస్ఎల్ క్లబ్బులు దీన్ని సీజన్‌కు ముందు ప్రాక్టీస్‌గా చూస్తాయి, కుర్రాళ్లను దింపుతాయి, కోచ్ కొత్తవాడైతే ఇక్కడే పరీక్షించుకుంటాడు. 2025లో ఐఎస్ఎల్ హక్కుల ఒప్పందం చిక్కుల్లో పడి, సీజన్ ఎప్పుడు మొదలవుతుందో తెలియని టెన్షన్‌లో ఆరు ఐఎస్ఎల్ జట్లే వచ్చాయి. బహుమతి మొత్తాన్ని 3 కోట్ల రూపాయలకు పెంచినా మిగతావి కదల్లేదు. లీగ్‌కు జలుబు చేస్తే కప్పుకు తుమ్ములు తప్పవు. ఆసియా బెర్తు ఇస్తే పెద్ద జట్లు అసలు ఆటగాళ్లతో వస్తాయి. కానీ అప్పుడు సమాఖ్య అజమాయిషీ పెరుగుతుంది, సైనిక జట్లకు చోటు తగ్గుతుంది. ఇన్నాళ్లూ టోర్నీని కాపాడిన స్వతంత్రత అక్కడ పోతుంది.

తెలుగు నేలకు సంబంధించి చివరి పెద్ద సందర్భం 2022లో వచ్చింది. ఆ ఏడాదే ఐఎస్ఎల్ గెలిచిన హైదరాబాద్ ఎఫ్‌సీ డ్యూరాండ్ సెమీఫైనల్లో బెంగళూరు ఎఫ్‌సీతో తలపడింది. మ్యాచ్‌లో పడింది ఒకే గోల్, అదీ హైదరాబాద్ డిఫెండర్ సొంత వలలోకి కొట్టుకున్నది. అప్పటికి ఆంధ్రప్రదేశ్ పోలీస్ కప్పు గెలిచి 61 ఏళ్లు. మూడేళ్లు తిరిగేసరికి, 2025లో, ఆ క్లబ్ యాజమాన్యం మారి, ఊరు మారి స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ అయింది. డ్యూరాండ్ కప్ జనం లేక వదిలేసి వచ్చిన ఊరు అదే.